విజయనగరమున మహానవమి : ఉత్సవమును రాజ్యతంత్రమును

విజయనగర సామ్రాజ్యమును గూర్చి వ్రాసిన మన చరిత్రకారులలో పెక్కురు మహానవమి యుత్సవమును ‘సాంఘిక జీవనము’ అను ప్రకరణమున, వేషభాషలకును వినోదములకును నడుమ, ఒకటి రెండు పుటలలో ముగించుట పరిపాటి. ఏనుగులు, గుఱ్ఱములు, బాణసంచా, నర్తకీమణులు, మల్లయుద్ధములు - ఇవి వరుసగా చెప్పబడి, రాయల వైభవము వర్ణనాతీతమను మాటతో ప్రకరణము ముగియును. పన్నులును సైన్యమును వేఱొక ప్రకరణమున వచ్చును. ఈ విభజనము మన సౌకర్యమునకై మనము చేసికొన్నదే గాని యా కాలమువారెఱిగినది కాదు. ఏ తొమ్మిది దినములలో నర్తకులు నాట్యమాడిరో ఆ తొమ్మిది దినములలోనే నాయకులు రాజునకు పైకము చెల్లించిరి. ఏ రాజు దేవీపూజకై యుపవసించెనో ఆ రాజే పూజ ముగిసిన పిదప సేనను పరీక్షించెను. ఉత్సవము రాజ్యమునకు అలంకారము కాదు, రాజ్యము సంవత్సరమునకొకమాఱు తన్ను తాను కూర్చుకొను విధానమని మా యభిప్రాయము.

ముందుగా సాక్షులను గూర్చి రెండు మాటలు చెప్పవలసియున్నది. 1420 ప్రాంతమున వచ్చిన ఇటలీ దేశీయుడు నికోలో కాంటీ తొమ్మిది దినముల పండుగయొకటి కలదనియు, ఆ దినములలో రాజమార్గములందు ఓడస్తంభములవంటి దూలములు నాటి వానికి జలతారు వస్త్రములు కట్టుదురనియు చెప్పెను. 1443లో హీరాతు నుండి షారుఖ్ సుల్తాను పంపిన రాయబారి అబ్దుర్ రజాక్ రెండవ దేవరాయల కొలువున నుండి యుత్సవమును చూచెను. పోర్చుగీసు దేశీయుడు డొమింగో పాయెస్ కృష్ణదేవరాయల కాలమునను, అతని దేశీయుడే యగు ఫెర్నావ్ నూనిజ్ అచ్యుతదేవరాయల కాలమున 1535 ప్రాంతమునను నగరములో నుండిరి. ఈ కడపటి యిద్దఱి వ్రాతలను డేవిడ్ లోపెస్ 1897లో లిస్బనున ప్రకటింపగా, రాబర్టు స్యూయెల్ 1900లో తన ‘ఫర్గాటెన్ ఎంపైర్’ అను గ్రంథమున ఇంగ్లీషులోనికి తెచ్చెను. నాటినుండి మన వ్రాతలన్నియు ఆ యింగ్లీషుపై నాధారపడినవే.

ఈ సాక్షులు నిష్పక్షపాతులగు యాత్రికులు కారు. రజాక్ రాయబారి, తన ప్రభువు గౌరవము తన యాసనమును బట్టి తెలియునని యెఱిగినవాడు. అందుచేతనే రాజు తొమ్మిదంతస్తుల మండపమున పై యంతస్తుననుండగా తనకు ఏడవ యంతస్తు నిచ్చిరని శ్రద్ధతో చెప్పికొనెను. పోర్చుగీసువారిద్దఱు గుఱ్ఱపు వ్యాపారముతో సంబంధించినవారు. వారికి గుఱ్ఱమును, దాని వెలయు, దానిని కొను నాయకుని స్థోమతయు ముందుగా కనబడును. పాయెసు గుఱ్ఱముల జీనులను, నూనిజు నాయకుల యాదాయములను అంత వివరముగా వ్రాయుటకు కారణమిదియే. చూచువాని వృత్తి యేమో తెలిసినచో అతడు చూడనిదేమో కూడ ఊహింపవచ్చును.

కాలనిర్ణయ విషయమున ఒక చిక్కు కలదు. రజాక్ చెప్పిన యుత్సవము రజబు మాసపు పున్నమనాడు మొదలై మూడు దినములు జరిగినది. ఇది శుక్లపాడ్యమి మొదలు నవమి వఱకు జరుగు నవరాత్రములతో పొసగదు. స్యూయెల్ మొదలగువారు దీనిని గూర్చి సందేహించిరి. రజాక్ చూచినది మహానవమియే యని గట్టిగా చెప్పుట సాహసము. కాని దూరదేశములందలి నాయకులను రప్పించుట, రాజు ఉన్నతాసనమున కూర్చుండుట, విదేశీయునకు స్థానము కల్పించుట యను నంశములు 1443 నాటికే యీ కొలువున స్థిరపడినవని చెప్పుటకు అతని సాక్ష్యము చాలును. పాయెసు విషయమున చిక్కు లేదు. ఉత్సవారంభము సెప్టెంబరు 12 అనియు, అనంతరము వచ్చిన సంవత్సరాది అక్టోబరు 12 అనియు అతడు చెప్పుటచే అది 1520 అని స్యూయెల్ గణించెను. ఆయేడు మే నెల 19వ తేదిన రాయచూరు యుద్ధము జరిగినదనియు అతని నిర్ణయము. ఈ రెంటిని అంగీకరించినచో పాయెసు చూచినది గెలుపునకు నాలుగు నెలల తరువాతి పండుగ. ఆ సంవత్సరపు కోలాహలమును ప్రతి సంవత్సరమునకును కొలతబద్దగా వాడరాదు.

ఇక విషయమునకు వత్తము. నాయకులు సెప్టెంబరు మాసమున, ఈ తొమ్మిది దినములలో, తమ తమ కట్టుబడులను చెల్లింపవలెనని నూనిజు వ్రాసెను. ఈ పండుగ యేల చేయుదురను ప్రశ్నకు అతడు విన్న సమాధానములు రెండు. క్రీస్తుజనని తన కుమారుని తొమ్మిది నెలలు గర్భమున మోసినందుకు గుర్తుగా చేయుదురని కొందఱనిరట! నాయకులు పైకము చెల్లింపవచ్చు సమయమగుటచేతనే చేయుదురని మఱికొందఱనిరట. మొదటిది చదివి మన విద్యార్థులు నవ్వుదురు. అది తగును గూడ. కాని తొమ్మిదను సంఖ్యకు తనకు తెలిసిన యర్థమును వెదకికొన్న యా విదేశీయుడు రెండవ సమాధానమును మాత్రము కల్పింపజాలడు. అది నగరమున జనులనుకొను మాట. దుర్గామహిమను గాని, రాముని దేవీపూజను గాని, పాండవులు జమ్మిచెట్టుపై దాచిన యాయుధములను గాని చెప్పక, ‘అప్పులు తీర్చు దినములు గనుక’ అని చెప్పిన యా యజ్ఞాతపౌరుడు రాజ్యతంత్రమును బాగుగ నెఱిగినవాడు.

చెల్లింపు లెంత? నాయకుల భూములు నూట యిరువది లక్షల వరహాలు పండుననియు, అందు అఱువది లక్షలు రాజునకు చేరుననియు నూనిజు చెప్పుచున్నాడు. విడివిడిగా నాయకులను పేర్కొనునప్పుడు ఈ సగపాలు సరిపోదు. సాళువ నాయకుని యాదాయము పదునొకండు లక్షల వరహాలనియు, అందు మూడవవంతు రాజునకిచ్చి తక్కిన దానితో ముప్పదివేల కాల్బలమును, మూడువేల గుఱ్ఱములను, ముప్పది యేనుగులను పోషింపవలెననియు అతడే వ్రాసెను. సగము, మూడవవంతు అను నీ తేడా నూనిజు పొరపాటని త్రోసివేయుట సులభము. అమరనాయంకరమున ఒక్కొక్క నాయకునితో ఒక్కొక్క యొడంబడిక యుండెననుట అంతకంటె యుక్తము. అట్లయినచో, ఏటేట నాయకుడు స్వయముగా వచ్చి తన యొడంబడికను నలుగురి యెదుట క్రొత్తచేసికొను నొక సందర్భము రాజ్యమునకు మిగుల నవసరము. మహానవమి అట్టి సందర్భము.

దీనిపై ఒక యాక్షేపము రావచ్చును. పైకము పంపుటకు నాయకుడే రావలెనా? ప్రతి నాయకునకును రాజధానియందు ఒక ప్రతినిధి యుండి, కొలువున జరిగినది యెప్పటికప్పుడు తన ప్రభువునకు వ్రాసి పంపుచుండెనని నూనిజు చెప్పెను. మన భాషలోని ‘రాయవాచకము’ అట్టి స్థానాపతి తన ప్రభువగు విశ్వనాథ నాయనికి చేసికొన్న విన్నపము రూపముననే నడచుచున్నది. సంవత్సరము పొడుగున స్థానాపతి యుండగా, మూడు నాలుగు నెలల ప్రయాణదూరమునుండి - ఇది రజాక్ చెప్పిన మాట - నాయకుడు శ్రమపడి రానేల? స్థానాపతి పైకమును చెల్లింపగలడు, వార్త తెలుపగలడు. ప్రభువునకు మాఱుగా తల వంచజాలడు. వచ్చినవాడెవడో, రానివాడెవడో తొమ్మిది దినములలో లోకమునకు తెలిసిపోవును. రాకుండుట యనగా ధిక్కారము. కట్టుబడి తప్పినవారిని రాజు కఠినముగా శిక్షించి భూములను లాగికొనునని నూనిజు చెప్పుటను ఇచ్చట జ్ఞప్తికి తెచ్చుకొనవలెను. నగరమునకు వచ్చిన నాయకుడు తన కోటకు దూరముగా, రాజు చేతికి దగ్గఱగా నుండును. పండుగ పిలుపులో ఆదరమెంత గలదో అదుపును అంత కలదు.

వచ్చినవాడు ఊరక చూచి పోవుటకు వీలులేదు. రాజభవనమునకెదురుగ నున్న బయలులో మిక్కిలి యెత్తైన తొమ్మిది కోటలవంటి కట్టడములను తొమ్మిదిమంది ప్రధాన నాయకులు కట్టించి విలువగల వస్త్రములతో కప్పింతురని నూనిజు వ్రాసెను. చక్రములపై నడచు జయరథములను నాయకులు పంపగా అవి రాజు నెదుట సాగినవని పాయెసు చెప్పెను. ఇవి యన్నియు పండుగ వ్యయమును నాయకులపై మోపు పద్ధతులు. ఒకని కట్టడము ప్రక్కనివాని దానికి తీసిపోరాదు. ఈర్ష్య తనకు తానే పన్ను వసూలు చేయును. అంతఃపురపు పడుచులు ఒడలినిండ బంగారము ధరించి, బరువునకు చేతులాడక, ప్రక్కవారు పట్టుకొని నడిపింపగా వచ్చిరని పాయెసు వర్ణించినది సౌందర్యవర్ణనగా మన గ్రంథములలో నుదాహరింపబడుచున్నది. అది భాండాగార ప్రదర్శనము. రాజు వద్ద ఎంత యున్నదో నాయకులు కన్నులార చూచి లెక్కించుకొనవలెను.

వర్తకులకును దీనిలో పాలు కలదు. ఈ యంశమున విజయనగరమునకు పూర్వమే తెలుగుదేశమున మంచి యుదాహరణము దొరకును. కొండవీటి కుమారగిరిరెడ్డి 1386 మొదలు 1402 వఱకు ఏలినవాడు. ఏటేట కర్పూరముతో వసంతోత్సవము చేయించి ‘కర్పూర వసంతరాయలు’ అను బిరుదు పొందెను. ఆ యుత్సవమునకు సుగంధద్రవ్యములు సమకూర్చిన అవచి తిప్పయసెట్టికే శ్రీనాథుడు హరవిలాసమును అంకితమొనర్చెను. ఆ కావ్యావతారికలో సింహళపు టేనుగులు, హురుమంజి గుఱ్ఱములు, చీనాదేశపు పట్టు మున్నగు దిగుమతుల ప్రశంస కలదు. సాహిత్య విద్యార్థులు దీనిని కృతిపతి వర్ణనగా చదివి దాటిపోవుదురు. రాజు కర్పూరము చల్లుట వలన సముద్రవ్యాపారమునకు గిరాకి కలిగెను, వ్యాపారి ధనవంతుడయ్యెను, ధనవంతుడగు వ్యాపారి కవిని పోషించెను. ఒక్క వసంతోత్సవమునుండి ఒక మహాకావ్యము వఱకు సాగిన యీ గొలుసును ఎవరైన పరిశోధక విద్యార్థి లంకెలు లంకెలుగా పరిశీలించిన మేలగును. విజయనగరమున కర్పూరము స్థానమును గుఱ్ఱము ఆక్రమించెను. రాజు ఏటేట పదుమూడువేల హురుమంజి గుఱ్ఱములను కొనునని నూనిజు లెక్క. సాళువ నరసింహుని కాలమున దారిలో చచ్చిన గుఱ్ఱమునకు గూడ, దాని తోక తెచ్చి చూపినచో వెల యిచ్చెడివారని యతడే చెప్పిన కథ యొకటి కలదు. వర్తకులు ఈ రాజును మఱువకపోవుటలో వింతయేమున్నది? మహానవమి దిబ్బ క్రింది వరుసల శిల్పములలో వేటలును, ఏనుగులును, మల్లులును మాత్రమే గాక, అన్యదేశపు వేషములతో గుఱ్ఱములను నడిపించు మనుష్యులును చెక్కబడియున్నారు. పండుగకు వచ్చినవారిని పండుగ పీఠముపైననే నిలిపిరి.

దిబ్బను గూర్చి మఱియొక మాట. కృష్ణరాయలు ఓఢ్రవిజయానంతరము కట్టించెనని పాయెసు చెప్పిన ‘విజయగృహము’ ఇదియేయని లాంగ్‌హర్స్టు మొదలుగా పలువురు తలచిరి. కాని యీ కట్టడము ఒకనాటిది కాదు. పాత నల్లసేనపు ఱాతి పీఠము మీద దశలు దశలుగా పెంచబడి, పిదప పచ్చని నునుపు ఱాతితో కొంతవఱకు కప్పబడినట్లు చూచినవారికి తెలియును. క్రింది శిల్పముల రీతి రాయలకంటె చాల ముందటిది. ఒక్కొక్క వంశము తన పూర్వుల పీఠమును కూల్చక, దానినే పెంచి, దానిపైననే కూర్చుండెను. సింహాసనము చేతులు మాఱిన రాజ్యమున ఇది సామాన్య విషయము కాదు. క్రొత్తవాడు పాత పండుగను పాత చోటనే జరిపినచో క్రొత్తవాడు కాకపోవును.

దేవికి జరుగు బలుల లెక్కలు పాయెసు వ్రాతలో గలవు. మొదట దినమునకు ఇరువదినాలుగు దున్నలు, నూటయేబది గొఱ్ఱెలు. కడపటి దినమున రెండువందల యేబది దున్నలు, నాలుగువేల యైదువందల గొఱ్ఱెలు. ఆ కాలమున రాజు శ్వేతవస్త్రధారియై, నూనిజు మాటనుబట్టి అర్ధరాత్రమువఱకు ఉపవాసియై యుండెను. బ్రాహ్మణులు పూవులు చల్లుచు పట్టపు గుఱ్ఱమును, ఏనుగులను పూజించిరి. ఆశ్వయుజ నవమినాడు అశ్వములకు నీరాజనము చేయవలెనని కౌటిల్యుడే విధించియుండెను. వానలు వెనుకబట్టి, త్రోవలు ఆఱి, దండు కదలుటకు అనువగు కాలమది. కాబట్టి యీ పూజకును సేనాపరీక్షకును సంబంధము రాయలు కల్పించినది కాదు, చాల ప్రాచీనమైనది.

తొమ్మిది దినములును గడచిన పిదప నగరమునకు క్రోసెడు దూరమున డేరా వేయించి, రాజు సర్వసైన్యమును పరీక్షించెను. దారికి రెండువైపుల బారులుగ నిలిచిన దళములలో హిందువులతో పాటు ముసల్మానులును తురకవిండ్లతోను అగ్నిబాణములతోను నిలిచిరి. ఆ దృశ్యమును చూచి తాను కలలో నున్నట్లు భ్రమించితినని పాయెసు ఒప్పుకొనెను. కాని మా దృష్టిలో అతని వ్రాతయందు అన్నింటికంటె విలువైనది ఆ తరువాతి చిన్న విషయము. రాజు విల్లు చేతబట్టి మూడు బాణములు విడిచెను. ఒకటి విజాపురపు ఆదిల్‌ఖానునకు, ఒకటి గోలకొండ కుతుబుల్‌ముల్కునకు, ఒకటి పోర్చుగీసువారికి. ఏ బాణము మిక్కిలి దూరము పోవునో ఆ దిక్కున యుద్ధము చేయుట ఆచారమట. రాయచూరి ముట్టడిలో పోర్చుగీసు తుపాకివాండ్రు రాయల పక్షమున పోరాడి నాలుగు నెలలైనను కాలేదు. వారి నాయకుడు క్రిష్టోవావ్ డి ఫిగైరెడోతో కూడ వచ్చి, రాజాజ్ఞచే చూపబడిన స్థలమున గౌరవముతో కూర్చున్న పాయెసు ఆ మూడవ బాణమును ఏమని తలచెనో వ్రాయలేదు! స్నేహితుడు స్నేహితుడుగనే యుండవలెనని చెప్పుటకు ఇంతకంటె మర్యాదయగు మార్గము దొరకదు. పండుగయందు విదేశీయునకు స్థానమిచ్చుటలోని యుద్దేశము ఇది. ఎదుటివాడు చూచి పోయి తన దేశమున చెప్పవలెను. పాయెసు చెప్పెను గూడ.

ఇంతవఱకు చెప్పినవారందఱు పిలువబడినవారు. పిలువబడనివాడు ఒకడు కలడు. భూమియంతయు రాజుదనియు, రాజునుండి నాయకులు పొందిన భూమిని దున్ను సేద్యగాండ్రు ఫలమున పదింట తొమ్మిదిపాళ్లు తమ దొరకు చెల్లింతురనియు నూనిజు వ్రాసెను. పదింట తొమ్మిది యనుట యతిశయోక్తి కావచ్చును. అంత యిచ్చి రైతు బ్రదుకజాలడు. కాని నాయకుల క్రౌర్యముచే సామాన్యులు మిక్కిలి బాధపడుచుండిరను అతని మాటను అతిశయోక్తి యని త్రోసివేయ వీలులేదు. నాయకుడు రాజునకీయవలసిన కట్టుబడి, పోషింపవలసిన సేన, కట్టింపవలసిన కోటబొమ్మ, ధరింపవలసిన యాభరణము - ఇవి యన్నియు ఒక్క చేనినుండియే రావలెను. మహానవమి మహావైభవముగ జరిగిన సంవత్సరము ఆ చేనివానికి మంచి సంవత్సరమని చెప్పుటకు మేము వెనుదీయుచున్నాము. మన గ్రంథములలో వైభవప్రకరణమును వ్రాయువారు ఈ యొక్క వాక్యమునైనను దాని ప్రక్కన చేర్చుట న్యాయము.

ఈ యుత్సవ స్వభావమును గూర్చి ఆధునికులలో రెండు మతములు కలవు. నేలటూరి వేంకటరమణయ్యగారు నాయంకరమును సైనికసేవకై యిచ్చిన భూమిగా వివరించి, చెల్లింపులను రాజ్యాదాయముగా పరిగణించిరి. బర్టన్ స్టెయిన్ పండితుడు రాజధాని దూరప్రాంతములను నిజముగా పాలింపలేదనియు, రాజు ఆధిపత్యము ముఖ్యముగ కర్మకాండరూపమైనదనియు, మహానవమి అట్టి కర్మకాండకు పరమోదాహరణమనియు వాదించెను. స్టెయిన్ పరిశీలన మనకు చాల నేర్పినది. ఉత్సవమును వినోదప్రకరణమునుండి వెలికి తెచ్చినవారిలో అతడు ముఖ్యుడు. అయినను కర్మకాండము వేఱు, కాసులు వేఱు అను నీ భేదము మాకు సమ్మతము కాదు. నూనిజు విన్న యజ్ఞాతపౌరునకు ఆ భేదము లేదు. దేవి యెదుట తలవంచుట, రాజు నెదుట తలవంచుట, వరహాల సంచి విప్పుట ఒకే సన్నివేశమున జరిగినవి. సంచి ఖాళీగ నున్నచో వంచిన తల నిలువదు. తల వంచనివాని సంచి యెంత నిండినను చాలదు.

ఈ మాట యెంత నిజమో 1565 జనవరి 23వ తేదీన రక్కసితంగడి యుద్ధము తరువాత తెలిసినది. నగరము పాడైనది. దిబ్బపై పూజ నిలిచినది. మధుర, తంజావూరు, చెంజి నాయకులు క్రమముగా చెల్లింపులను మానుకొనిరి. కాని నవరాత్రములను మానలేదు. ఇదివఱకు పండుగకు పోయినవారు ఇప్పుడు పండుగను తమ యింటనే జరిపిరి. మధుర తిరుమల నాయకుడు తనకు తోడ్పడిన రామనాథపురపు సేతుపతికి నవరాత్రోత్సవము జరుపుకొను హక్కును బహుమానముగ నిచ్చెనని యా సంస్థానపు సంప్రదాయము. పండుగ జరుపుటకు అనుజ్ఞ కావలసివచ్చెను. అనుజ్ఞ యిచ్చుటచే నాయకుడు తాను రాయలంతవాడయ్యెను.

మైసూరు కథ మఱింత స్పష్టమైనది. రాజ వొడయరు 1610లో విజయనగర ప్రతినిధినుండి శ్రీరంగపట్టణమును గైకొని, ఆయేడే అచ్చట మహానవమిని ప్రారంభించెను. పండుగకు ముందుదినముననే అతని కుమారుడు నరసరాజు మరణించెననియు, అయినను ఉత్సవము ఆగరాదని రాజు కట్టడి చేసెననియు మైసూరు చరిత్రలు చెప్పుచున్నవి. కన్నకొడుకు పోయిన దినమునకు మఱునాడు రాజు కొలువుతీర్చుటను కాఠిన్యమని యనరాదు. ఆయేడు పండుగ జరుగనిచో శ్రీరంగపట్టణమును గెలిచినవాడు రాజు కాడు, ఒక కోటను పట్టుకొన్న నాయకుడు మాత్రమే. తరువాత హైదరలీ సర్వాధికారమును తన చేతికి తీసికొన్నను, వొడయరు రాజును ఏటేట దసరా కొలువున ప్రజలకు చూపింపక తప్పలేదు. ఖజానా, సేన, కోటలు అన్నియు హైదరువి, తొమ్మిది దినములు మాత్రము వొడయరువి. 1799 తరువాత ఇంగ్లీషువారు బాలుడగు మూడవ కృష్ణరాజును గద్దెయెక్కించి, ఆ దసరా కొలువునకు తమ రెసిడెంటును పంపి, ఐరోపీయులకై ప్రత్యేకముగ కొలువు తీర్పించిరి. రజాకునకు ఏడవ యంతస్తు నిచ్చిన రాయల నాటి మర్యాద తలక్రిందులయ్యెను. ఇప్పుడు అతిథియే ప్రభువు.

1971లో రాజభరణములు రద్దయినవి. 1974లో జయచామరాజ వొడయరు మరణించెను. మైసూరు దసరా నేడును కర్ణాటక ప్రభుత్వపు ఉత్సవముగ జరుగుచున్నది. విజయదశమినాడు సైన్యపు వేషములు, శకటములు, ఏనుగులు వీథులవెంట సాగును. ఒకప్పుడు రాజు కూర్చుండిన బంగారు అంబారీలో ఇప్పుడు చాముండేశ్వరీదేవి విగ్రహమును ఉంచి ఊరేగింతురు. ముఖ్యమంత్రి క్రింద నిలిచి పూవులు చల్లును.